గాజుపెట్టెలోని ఐగుప్తు కన్య: మృతదేహములను వేడుకగా జూపిన చరిత్రము

గరిడేపల్లినుండి హైదరాబాదునకు విహారయాత్ర వెళ్ళివచ్చిన విద్యార్థులను "ఏమేమి చూచితిరి?" అని ఇంటివారడిగినచో, చార్మినారు, గోలకొండ, జంతుప్రదర్శనశాల యని వరుసగా చెప్పుదురు. కాని తుదకు గొంతు కొంచెము తగ్గించి, "మమ్మీని గూడ చూచితిమి" అని చెప్పని పిల్లవాడుండడు. తక్కిన వింతలన్నియు నొక యెత్తు, అది యొక యెత్తు.

మేము విద్యార్థులను వెంటబెట్టుకొని సూర్యాపేట, నకిరేకల్లు, నార్కట్‌పల్లి, చౌటుప్పలు దాటి నగరము చేరి, పబ్లిక్ గార్డెన్సులోని రాష్ట్ర పురావస్తు ప్రదర్శనశాలను ప్రవేశించినప్పుడు జరిగిన చిన్న సంగతి యీ వ్యాసమునకు కారణమైనది. బాలురు శిల్పములయెదుట తొందరగా నడచిరి. గాజుపెట్టె యున్న చోటికి రాగానే ఒకరినొకరు త్రోసికొనిరి. ఒకడు 'మమ్మీ' యను మాటకు పకపక నవ్వెను. ఈ కాలమున ఇంట తల్లిని పిలుచు పిలుపదియే గదా! వేఱొకడు ముక్కు మూసికొని వేళాకోళము చేసెను. ఆ గుంపునకు వెనుక నిలిచిన ఒక బాలిక మాత్రము మెల్లగా మాయొద్దకు వచ్చి, "సారూ, ఈమె కూడ ఒక యింటి పిల్లయే గదా! ఇట్లు అందఱును చూచుటకు పెట్టుట తప్పు కాదా?" అని యడిగెను. అప్పటికప్పుడు తగిన సమాధానము మాకు తోచలేదు. "ముందు చూడుము, పిమ్మట చెప్పెదము" అని తప్పించుకొంటిమి. తిరిగి వచ్చిన పిదప కొంత చదివి, కొంత ఆలోచించి, ఆ బాలికకు బాకీపడిన సమాధానమును ఈ సంచికలో తీర్చుకొనుచున్నాము.

మమ్మీ యన నేమి?

మన బైబిలు తెలుగున ఐగుప్తనియు, నేటి పాఠ్యపుస్తకములలో ఈజిప్టనియు పిలువబడు దేశమున, చనిపోయినవారి దేహమును చెడకుండ కాపాడు విద్య యొకటి రమారమి మూడువేల యేండ్లు వర్ధిల్లెను. ఆదికాండము చదివినవారికి ఇది క్రొత్త సంగతి కాదు. యాకోబు చనిపోయినప్పుడు ఐగుప్తు వైద్యులు నలువది దినములు శ్రమించి ఆయన దేహమును సిద్ధపఱచిరనియు, యోసేపు దేహమును గూడ అట్లే చేసి పెట్టెలో ఉంచిరనియు ఆ గ్రంథము చెప్పుచున్నది.

గ్రీకు చరిత్రకారుడైన హెరొడోటసు క్రీస్తునకు పూర్వము అయిదవ శతాబ్దమున ఆ దేశమును చూచి, ఈ పనిని వివరముగా వ్రాసెను. చనిపోయినవారి బంధువుల స్తోమతుననుసరించి మూడు తరగతులుగా ఈ పని జరిగెడిదట. మొదటి తరగతిలో, ఇనుప కొక్కెముతో ముక్కురంధ్రముగుండ మెదడును తీయుదురు. ప్రక్కను కోసి లోపలి యవయవములను వెలికి తీయుదురు. గుండెను మాత్రము సాధారణముగా దేహముననే విడిచెడివారు. ఏలన, బుద్ధికిని జ్ఞాపకమునకును అదియే స్థానమని వారి నమ్మిక. పిమ్మట నేట్రాను అను ఒకవిధమైన సోడా ఉప్పులో దేహమును కప్పి యుంచుదురు. మన యిండ్లలో మామిడి ముక్కలకు ఉప్పు పట్టించి యెండబెట్టి ఒరుగులు చేయుటలో ఏ సూత్రమున్నదో ఇందును ఆ సూత్రమే యున్నది. ఉప్పు తడిని పీల్చివేయును. తడి లేనిచోట కుళ్ళును పుట్టించు సూక్ష్మజీవులు బ్రదుకజాలవు. తరువాత బంకలు, తైలములు పూసి, సన్నని నారబట్ట పేలికలతో వ్రేలు వ్రేలును వేఱువేఱుగా చుట్టుదురు. మొత్తము పనికి డెబ్బది దినములు పట్టెడిది.

ఇంత శ్రమ యెందులకు? చూచువారి వేడుకకై కాదు. దేహము నిలిచియున్నచో ఆత్మ దానిని గుర్తుపట్టి తిరిగివచ్చి చేరునని వారి విశ్వాసము. సమాధి మూసిన పిమ్మట మానవుని కన్ను దానిపై పడగూడదనియే వారి కోరిక. గుప్తద్వారములు, లోతైన గోతులు, దొంగల కన్నుగప్పు దారులు, ఇవన్నియు అందులకై కల్పించినవే. ఎవరును చూడగూడదని దాచిన దానిని లోకమంతయు టిక్కెట్టు కొని చూచునట్లయ్యెను; ఈ చరిత్రమున మొదటి వింత యిదియే.

మందుగా అమ్మిన కాలము

'మమ్మీ' యను పేరు ఐగుప్తువారు పెట్టినది కాదు. పారసీక భాషలో 'మూమ్' అనగా మైనము. మన తెలంగాణమున క్రొవ్వొత్తిని మోంబత్తి యందుము గదా, ఆ మోము ఈ మూమే. దానినుండి పుట్టిన 'మూమియా' యను మాట కొండలనుండి కాఱు నల్లని కీలునకు పేరై, ఔషధముగా వాడబడెను. ఐగుప్తు దేహములపై నల్లబడిన బంకను చూచినవారు అదియు ఆ కీలే యని తలచిరి. క్రమముగా మందు పేరు దేహమునకే అంటుకొనెను.

ఆ పొరపాటు పేరుతో ఆగలేదు. మధ్యయుగములనుండి ఐరోపా మందుల అంగళ్ళలో మమ్మీ చూర్ణము అమ్ముడుపోయెను. దెబ్బలకును, రక్తస్రావమునకును అది మంచిదని నమ్మిరి. ఫ్రాన్సు రాజగు మొదటి ఫ్రాన్సిసు దానిని ఎప్పుడును తన వెంట ఉంచుకొనెడివాడట. ఆ దేశపు ప్రఖ్యాత శస్త్రవైద్యుడు ఆంబ్రువాజ్ పారే 1582లో ఒక గ్రంథము వ్రాసి, ఈ మందు వలన మేలు లేదనియు, వర్తకులు ఇటీవల చనిపోయినవారి శవములనే యెండబెట్టి ప్రాచీనమని అమ్ముచున్నారనియు ఖండించెను. చిత్రకారులు సయితము ఈ చూర్ణమును నూఱి 'మమ్మీ గోధుమ' యను రంగు చేసికొనిరి. ఎడ్వర్డు బర్న్‌జోన్సు అను ఆంగ్ల చిత్రకారుడు, తాను వాడు రంగు దేనితో చేసినదో తెలియవచ్చిన నాడు, ఆ రంగు గొట్టమును తన తోటలో పాతిపెట్టెను. మనుష్యులకే కాదు, మూగజీవులకును ఈ దురవస్థ తప్పలేదు. ఐగుప్తువారు భక్తితో పాతిన పిల్లుల దేహములు, సుమారు 1,80,000, 1890లో లివర్‌పూలు రేవునకు దిగుమతియై పొలములకు ఎరువుగా అమ్ముడుపోయినవి.

కట్లు విప్పు వేడుకలు

నెపోలియను 1798లో ఐగుప్తుపై దండెత్తినప్పుడు సైన్యముతోబాటు పండితులనుగూడ తీసికొని వెళ్ళెను. వారు ప్రకటించిన మహాగ్రంథము వలన ఐరోపా యంతట ఐగుప్తు వస్తువులపై మోజు పెరిగెను. ఆ మోజును సొమ్ము చేసికొన్నవారిలో మొదట చెప్పదగినవాడు జియోవాన్నీ బెల్జోనీ. ఇతడు ఇటలీలోని పాదువా నగరమున 1778లో జన్మించెను. లండనులోని వినోదశాలలో 1803లో పెక్కుమందిని ఒక్కమారుగా మోసి చూపు బలాఢ్యుడుగా పేరుపొందెను. పిమ్మట ఐగుప్తు చేరి, 1817లో మొదటి సేతీ రాజు సమాధిని కనుగొనెను. సమాధుల గుహలలో పాకుచు పోవునప్పుడు, అలసి కూర్చుండగా క్రిందనున్న దేహము నుగ్గునుగ్గైన సంగతిని ఇతడే తన యాత్రాగ్రంథమున వ్రాసికొనెను. లండనులోని పికడిల్లీ వీథిలో 'ఈజిప్షియన్ హాలు' అను భవనమున 1821 మే 1వ తేదీన అతడు తెరచిన ప్రదర్శనమునకు మొదటినాడే సుమారు 1,900 మంది వచ్చిరి. దానికి ముందు వైద్యుల సమక్షమున ఒక మమ్మీ కట్లను విప్పి చూపెను.

ఆ పనిలో బెల్జోనీకి పరిచితుడైన థామసు పెట్టిగ్రూ అను శస్త్రవైద్యుడు దీనినొక విద్యగా, వినోదముగా గూడ మార్చెను. ఇతడు 1833 మొదలుకొని లండనులో సభలు చేసి, ఉపన్యసించుచు, అందఱి యెదుట కట్లు విప్పెడివాడు. 1834 జనవరిలో శస్త్రవైద్య కళాశాలలో జరిగిన సభకు జనము ఎంతగా క్రిక్కిఱిసిరనగా, కాంటర్‌బరీ ఆర్చిబిషప్పుగారికి సయితము చోటు దొరకక తిరిగి వెళ్ళవలసి వచ్చెను. ఆ యేడే పెట్టిగ్రూ ఐగుప్తు మమ్మీల చరిత్రమను గ్రంథమును ప్రకటించెను. 'మమ్మీ పెట్టిగ్రూ' యని లోకులు అతనికి ముద్దుపేరు పెట్టిరి. పదవ హామిల్టను డ్యూకు అను ప్రభువు తాను చనిపోయిన పిదప తన దేహమును ఐగుప్తు విధముననే భద్రపఱుపవలెనని కోరగా, 1852లో పెట్టిగ్రూయే ఆ పని చేసెను.

ధనికులు తమ గృహములకు స్నేహితులను పిలిచి యిట్టి వేడుకలు జరుపుటయు కలదు. లాండెస్‌బరో ప్రభువు 1850 జూను 10వ తేదీన తన యింట థీబ్సు నగరపు మమ్మీ విప్పబడునని ఆహ్వానపత్రికలు అచ్చొత్తించి పంపెను. అయితే ఆ కాలమున ఇంగ్లండులో ఇంటింట విందు తరువాత మమ్మీని విప్పెడివారని కొందఱు వ్రాయు మాట అతిశయోక్తి. ఎక్కువ సభలు వైద్యుల యొక్కయు, పండిత సంఘముల యొక్కయు ఆధ్వర్యమున జరిగినవే. కాని పండితుల సభయే యైనను, ముందు వరుసలలో కూర్చున్నవారి కనులలో జిజ్ఞాస యెంతయో, తమాషా చూచు సరదా యెంతయో వేఱుచేసి చెప్పుట కష్టము.

ఒక్క మాట ఒప్పుకొనవలెను. ఈ సభలవలన కొంత జ్ఞానము కలుగలేదని చెప్పరాదు. ఆగస్టసు గ్రాన్‌విల్ అను వైద్యుడు ఒక స్త్రీ దేహమును పరీక్షించి, ఆమె యండాశయమున గడ్డ యుండెనని 1825లో రాయల్ సొసైటీవారికి నివేదించెను. మాంచెస్టరులో 1908 మే నెలలో మార్గరెట్ మఱ్ఱే అను విదుషీమణి సుమారు 500 మంది యెదుట 'ఇద్దఱు సోదరులు' అని పేరుపొందిన మమ్మీలలో ఒకదానిని విప్పినప్పుడు, వైద్యులు, రసాయనశాస్త్రజ్ఞులు, వస్త్రపరీక్షకులు కలసి పనిచేసి, ప్రతి పేలికను లెక్కించి వ్రాసికొనిరి. కాని విప్పిన కట్టు మరల కట్టబడదు. ఒకనాటి సభతో రెండుమూడువేల యేండ్ల భద్రత ముగిసిపోవును. విప్పిన దేహములు పెక్కులు పొడియై పోయినవి.

అమెరికాలో రెండు కథలు

బోస్టను నగరములోని మసాచుసెట్సు సర్వజనవైద్యశాలకు 1823లో వాన్ లెన్నెప్ అను డచ్చి వర్తకుడొక మమ్మీని కానుక యిచ్చెను. దాని పేరు పదిహెర్షెఫ్. వైద్యశాలవారు దానిని టిక్కెట్టుపై చూపించి ధనము కూర్చిరి, ఊరూరను త్రిప్పిరి. పిదప అది వైద్యశాలలోని శస్త్రచికిత్సామందిరమునకు చేరెను. మత్తుమందగు ఈథరుతో నొప్పి తెలియకుండ శస్త్రచికిత్స చేయవచ్చునని 1846 అక్టోబరు 16వ తేదీన లోకమునకు చూపినది ఆ మందిరముననే. నొప్పి లేని చికిత్స నేర్పిన చోట, నొప్పి యెఱుగని యొక పురాతనుడు నేటికిని ఉన్నాడు.

బోస్టనులోనే 1850లో జార్జి గ్లిడ్డను అను ఉపన్యాసకుడు, తనయొద్దనున్న మమ్మీ ఒక పూజారి కుమార్తె యని ప్రకటించి, విప్పుటకు టిక్కెట్లమ్మెను. సుమారు రెండువేలమంది చేరిరి. దినముల తరబడి కట్లు విప్పుచు కడపటి పొర తీయగా, లోపలనున్నది పురుషుడని తేలెను! సభ్యులు నవ్విరి, పత్రికలు ఎగతాళి చేసినవి. ఈ కథను మన పాఠకులు జ్ఞాపకమందుంచుకొనవలెను. మన హైదరాబాదు సంగతి చెప్పునప్పుడు దీనితో పని కలదు.

నయాగరా జలపాతము వద్ద నుండిన వింతవస్తుశాలలో, రెండు తలల దూడ మొదలైన విపరీతముల నడుమ, పేరు తెలియని యొక మమ్మీ వందయేండ్లకు పైగా పడియుండెను. 1860 ప్రాంతమున కొనబడిన ఆ దేహమును 1999లో అట్లాంటాలోని ఒక విశ్వవిద్యాలయ ప్రదర్శనశాల కొని పరీక్షింపగా, అది మహారాజగు రెండవ రామసేసునకు తాతయైన మొదటి రామసేసు దేహము కావచ్చునని పండితులు నిశ్చయించిరి. 2003లో దానిని ఐగుప్తునకు మర్యాదతో తిరిగి యిచ్చివేసిరి. పెద్దగట్టు జాతరలోను, జాన్‌పహాడు ఉర్సులోను గుడారము వేసి, "లోపల వింత యున్నది, రండు రండు" అని పిలుచువారిని మన పిల్లలెఱుగుదురు. ఒక చక్రవర్తి అట్టి గుడారమువంటి చోట ఎవరికిని తెలియక శతాబ్దమునకు మించి పడియుండెనని తలచినచో గుండె కలుక్కుమనును.

మన హైదరాబాదు కన్య

ఇక మన సంగతి. మన దేశమున కలకత్తా, జైపూరు, బరోడా, లక్నో మొదలగు నగరముల ప్రదర్శనశాలలలో మమ్మీలు కలవు. దక్షిణాదిన ఉన్నది హైదరాబాదులోనిదే యని ప్రసిద్ధి. ఆఱవ నిజామగు మహబూబ్ ఆలీఖానుగారి అల్లుడు నజీర్ నవాజ్ జంగుగారు 1920 ప్రాంతమున దీనిని వేయి పౌండ్లకు కొనిరని చెప్పుదురు. ఆయన దానిని ఏడవ నిజాము మీర్ ఉస్మాన్ ఆలీఖానుగారికి కానుక చేయగా, 1930లో అది రాష్ట్ర ప్రదర్శనశాలకు చేరెను. నిజాము రాష్ట్ర పురావస్తుశాఖ 1914లో స్థాపింపబడినది. గులాం యజ్దానీగారు దాని మొదటి యధికారి. అజంతా చిత్రములకు తీయించిన ప్రతులును, మన నేలలో దొరకిన శిల్పములును, నాణెములును ఉన్న యా భవనముననే ఈ పరదేశి కన్యకును చోటు లభించెను.

ఆమె పేరు నైషు అనియు, ఆఱవ ఫారో కుమార్తె యనియు లోకమున వ్యాపించిన మాట. ఇచ్చట విద్యార్థులు లెక్క వేయవలెను. ఈ మమ్మీ క్రీస్తునకు పూర్వము 300కును 100కును నడిమి కాలపుదని పండితుల యభిప్రాయము. అనగా మన దేశమున అశోకుడు పాలించి, శాతవాహనులు తలయెత్తిన కాలము. అప్పుడు ఐగుప్తును ఏలినవారు టాలమీలను గ్రీకు వంశస్థులు. ఐగుప్తు రాజులను మొదటినుండి లెక్కించినచో ఆఱవ ఫారో దీనికి ఇంచుమించు రెండువేల అయిదువందల యేండ్లు ముందటివాడగును. అంత ముందటి తండ్రికి అంత తరువాతి కుమార్తె యెట్లుండును? లేదా, ఆఱవ టాలమీ యని సమర్థింతమన్నచో, కాలము కుదురును గాని, చరిత్రకెక్కిన ఆయన కుమార్తెల పేరులు క్లియోపాత్ర యనియే యున్నవి. కావున ఈ 'రాజకుమారి' బిరుదమును నమ్ముటకు ముందు తగిన సాక్ష్యము కావలెను. గ్లిడ్డనుగారి పూజారి కుమార్తెను ఇక్కడ తలచుకొనుడు. చూపువారికిని, అమ్మువారికిని రాజకుమార్తెలే కావలెను. సామాన్యురాలిని చూచుటకు ఎవరు టిక్కెట్టు కొందురు? నయాగరాలో రాజును అనామకుని జేసిరి. ఇతర చోట్ల అనామకులను రాజవంశీయుల జేసిరి. రెండింటను వేడుకకై సత్యము బలియైనది.

సత్యమునకు దారి యంత్రము చూపినది. రాంట్‌జెన్ మహాశయుడు 1895లో ఎక్స్ కిరణములను కనుగొనగా, మఱుసటి యేడే జర్మనీలో మమ్మీలను ఆ కిరణములతో చిత్రించిరి. నేడు సీటీ స్కాను అను యంత్రము దేహమును పొరలు పొరలుగా చిత్రించి చూపగలదు. ఒక్క పోగు విప్ప నక్కఱలేదు. పెట్టిగ్రూ కత్తెరతో చేసిన పనిని ఇది ముట్టకయే చేయును. ఎముకల చివరలు ఎంతవఱకు అతుకుకొన్నవి, దంతములు ఎంత అరిగినవి యని చూచి వయస్సు కట్టుదురు. మన నైషునకును అట్టి పరీక్షలు జరిగినవి. చనిపోవునాటికి ఆమె వయస్సు సుమారు 16 మొదలు 18 యేండ్లనియు, ఎత్తు నాలుగున్నర అడుగుల ప్రాంతమనియు అంచనా. అనగా మన పదవ తరగతి దాటి కళాశాలలో అడుగుపెట్టిన బాలికల ఈడు. మా విద్యార్థిని "ఒక యింటి పిల్లయే గదా" యన్న మాట, తెలిసి యన్నదో తెలియక యన్నదో గాని, అక్షరాల నిజము.

కాలక్రమమున గాలిలోని తేమకును, వేడికిని ఆమె దేహపు కట్లు శిథిలము కాసాగినవి. ఇసుక యెడారిలో రెండువేల యేండ్లు చెడని వస్తువు, వానాకాలము గల మన దేశమున నూఱేండ్లు నిలుచుటయే కష్టము. 2016లో నిపుణులు ఆమెను బాగుచేసి, ప్రాణవాయువును తొలగించి గట్టిగా మూసిన క్రొత్త పెట్టెలోనికి మార్చు పని చేపట్టిరి. ప్రాణవాయువు లేనిచోట పురుగులును, బూజును బ్రదుకజాలవు. జైపూరులో 2020 ఆగస్టున వాననీరు ప్రదర్శనశాలలోనికి పొంగినప్పుడు, అచ్చటి ఉద్యోగులు పెట్టె అద్దము పగులగొట్టి తమ మమ్మీని తడవకుండ కాపాడిరి. చూపుటకు తెచ్చినవారు కాపాడుటకును బద్ధులని ఈ రెండు సంగతులు చెప్పుచున్నవి.

చూపు మారిన విధము

ఐగుప్తు పాలకుడు మహమ్మదాలీ 1835లోనే పురావస్తువులను దేశము దాటింపరాదని శాసించెను. కాని అది చాలకాలము సరిగా అమలు జరుగలేదు. త్రవ్వినవారికి వాటా యిచ్చు పద్ధతిని 1983 నాటి చట్టము రద్దుచేసెను. రెండవ రామసేసు దేహమును చికిత్సకై 1976లో పారిసునకు తీసికొని వెళ్ళినప్పుడు, ఫ్రాన్సువారు రాజునకు తగిన సైనిక వందనముతో ఎదురేగిరి. అధ్యక్షుడు సాదత్‌గారి కాలమున, రాజుల దేహములను ఇట్లు చూపుట తగదని తలచి, 1980లో కైరో ప్రదర్శనశాలలోని ఆ గదిని మూయించిరి; 1994లో క్రొత్త యేర్పాట్లతో మరల తెరచిరి. 2021 ఏప్రిలు 3వ తేదీన 22 మంది రాజులను, రాణులను క్రొత్త ప్రదర్శనశాలకు ఊరేగించినప్పుడు, ఐగుప్తు ప్రభుత్వము ఆ వీథులను దీపములతో అలంకరించెను. బ్రిటనులోని కొన్ని ప్రదర్శనశాలలవారు ఇప్పుడు 'మమ్మీ' యను మాటకు బదులుగా 'భద్రపఱుపబడిన వ్యక్తి' యను అర్థమిచ్చు మాటను వాడుచున్నారు. వస్తువు మరల మనిషి యగుచున్నదన్న మాట.

మన నేలలోను ఇట్టి ప్రశ్న లేకపోలేదు. తెలంగాణమున రాకాసి గుళ్ళని ప్రజలు పిలుచు పెద్దరాతి సమాధులు వేలకొలది కలవు. పూర్వపు నల్లగొండ జిల్లాలోని రాయగిరిలో హంటుగారు వీనిని త్రవ్వి శ్రద్ధతో వ్రాసిరి. కాని నిధికై త్రవ్వి ఎముకలను పాఱవైచినవారు ఎందఱో! అదే సమయమున, నాగార్జునకొండ మహాచైత్యమున లాంగ్‌హర్‌స్టుగారికి దొరకిన చిన్న ధాతుశకలమును ప్రభుత్వమువారు 1932లో సారనాథములోని బౌద్ధవిహారమునకు అప్పగింపగా, భక్తులు దానిని పూజలో నిలుపుకొనిరి. రెండును ఎముకలే. ఒకటి చెత్తకుప్ప చేరినది, ఒకటి విహారము చేరినది. భేదము ఎముకలో లేదు, చూచువారిలో ఉన్నది.

ఆ బాలికకు మా సమాధానము

అమ్మాయీ, నీ ప్రశ్నకు మేము తెలిసికొన్నంత చెప్పుచున్నాము. మన యూరిలో ఎవరైన చనిపోయినచో పనులు మాని కడసారి చూపునకు పోవుదుము. చెప్పులు బయట విడుతుము, గొంతు తగ్గింతుము, ఆ యింటివారిని ఓదార్తుము. శవము ఎదురైనచో త్రోవలో ఆగి నమస్కరింతుము. కావున చనిపోయినవారిని చూచుట తప్పని మన పెద్దలు ఎన్నడును అనలేదు. ఎట్లు చూడవలెనో మాత్రము నేర్పిరి. పికడిల్లీలో టిక్కెట్టు కొన్నవారు చేసిన తప్పు చూచుట కాదు. కడచూపు మర్యాదను మఱచి తమాషా చూచుట.

ఆమెను తెచ్చునప్పుడు ఆమె నెవరును అడుగలేదు. ఆమె దేశస్థులను అడిగిరని చెప్పుటకును ఆధారము మాకు కానరాదు. ఆ మాట దాచి పెట్టరాదు. ఆమె యిచ్చటనే యుండవలెనా, నైలు తీరమునకు తిరిగి పోవలెనా యనునది రెండు దేశముల పెద్దలు కలసి తేల్చవలసిన విషయము; రామసేసు తిరిగి వెళ్ళెను గనుక అది కాని పని కాదు. ఆ తీర్పు వచ్చువఱకు ఆమె మనకు అతిథి. అతిథిని చూచి నవ్వుట మన యింటి మర్యాద కాదు.

వచ్చు సంవత్సరము యాత్రకు పోవు విద్యార్థులకు మేమొక యేర్పాటు చేయనున్నాము. గాజుపెట్టె యొద్దకు పదిమందికి మించి ఒక్కసారి పోరాదు. ముందుగా పలకపై వ్రాసినది చదివి, అందులో నిశ్చయమైనదేది, వాడుక మాట యేది యని నోటుపుస్తకమున వేఱువేఱుగా వ్రాయవలెను. తరువాత ఒక నిమిషము మౌనముగ నిలువవలెను. చనిపోయినవారి పేరు ఎవరైన పలుకుచున్నంత కాలము వారు నశింపరని ఐగుప్తువారు నమ్మిరి. నైషు యనునది ఆమె తల్లి పెట్టిన పేరు ఔనో కాదో మనకు తెలియదు. ఐనను ఆ పేరే నెమ్మదిగా పలికి, పక్కనున్న వారికి దారి యిచ్చి, వెలుపలికి రావలెను.

ఆ దినమున గుంపు వెనుక నిలిచిన బాలికను ముందు వరుసలో నిలుపుట మా మొదటి పని.